పీటర్ సాలిస్: వాలెస్‌కి గొంతిచ్చిన సహాయ నటుడి గురించి మాట్లాడుకుందాం

చిన్నోడినాన్న (హైదరాబాద్)

మా వాడికి ఆరేళ్లు. షాన్ ద షీప్ పెడితే తప్ప ముద్ద దిగదు. ఆ గొర్రెపిల్ల మొదట ఎందులో వచ్చిందా అని వెతికితే 1995 నాటి 'ఎ క్లోజ్ షేవ్' దొరికింది. అరగంట సినిమా. మొన్న ఆదివారం ఇద్దరం కూర్చుని చూశాం. వాడు గొర్రె కోసం చూశాడు. నేను మాత్రం ఆ బట్టతలాయన వాలెస్ గొంతు దగ్గర ఆగిపోయాను.

ఎక్కడా పెంచి పలకడు, ఏడవడు, అరవడు. పొద్దున్నే పక్కింటి పెద్దాయన గోడ మీంచి "ఏం బాబూ, లేచారా" అని పలకరించినట్టు ఉంటుంది. సినిమా అయ్యాక పేర్లు చూస్తే పీటర్ సాలిస్ అని ఉంది. 1921 ఫిబ్రవరి 1న లండన్ పక్కన ట్వికెన్‌హామ్‌లో పుట్టి, 2017 జూన్ 2న తొంభై ఆరేళ్ల వయసులో పోయారట. అరవై ఏళ్లకు పైగా నటించారట. నేనేమో పేరు కూడా వినలేదు. ఈయన గురించి తెలిసినవాళ్లు కాస్త రాయండి, వరసగా చూడాలని ఉంది.

పాతరీలు (విజయవాడ)

మంచి మనిషిని పట్టుకున్నారండీ. నాకు తెలిసింది చెప్తాను.

ఈయన బ్యాంకు గుమాస్తా. యుద్ధం వచ్చింది, వైమానిక దళంలో చేరారు. విమానం ఎక్కే ఉద్యోగానికి ఒంట్లో ఉన్న ఒక లోపం అడ్డొచ్చింది, పైకి వెళ్తే స్పృహ తప్పే ప్రమాదం ఉందన్నారు. అందుకని నేల మీదే ఉంచి క్రాన్‌వెల్‌లో కుర్రాళ్లకి వైర్‌లెస్ పాఠాలు చెప్పే పని ఇచ్చారు. అక్కడి శిక్షణార్థుల్లో ఒకరు నాటకం వేద్దాం రమ్మన్నారు. నోయెల్ కవర్డ్ రాసిన 'హే ఫీవర్'. అందులో వేషం కట్టాక ఇక బ్యాంకు వైపు మనసు పోలేదు. యుద్ధం అయ్యాక లండన్‌లో నటన నేర్పే రాడా అనే సంస్థలో స్కాలర్‌షిప్ మీద చదివి 1946లో వృత్తి రంగస్థలం మీదకొచ్చారు.

ఇక్కడి నుంచి చూడండి ఎక్కడెక్కడ ఉన్నారో. 1955లో ఆర్సన్ వెల్స్ లండన్‌లో వేసిన 'మోబీ డిక్' నాటకంలో ఉన్నారు. 1958లో బీబీసీ వాళ్ల ధారావాహికలో పాతకాలపు డైరీ రచయిత శామ్యూల్ పెపీస్ ఈయనే, అది మాత్రం ప్రధాన పాత్ర. 1965లో బ్రాడ్‌వేలో 'బేకర్ స్ట్రీట్' అనే సంగీత నాటకంలో షెర్లాక్ హోమ్స్ పక్కన డాక్టర్ వాట్సన్. హ్యామర్ అనే బ్రిటిష్ సంస్థ తీసిన భయానక చిత్రాల్లో 1961లో 'ద కర్స్ ఆఫ్ ద వేర్‌వుల్ఫ్', 1970లో 'టేస్ట్ ద బ్లడ్ ఆఫ్ డ్రాక్యులా'. 1967లో బీబీసీ సైన్స్ ఫిక్షన్ సీరియల్ 'డాక్టర్ హూ'లో పెన్లీ అనే శాస్త్రవేత్త.

వాట్సన్ పాత్ర గురించి ఒక్క మాట. అందరి చూపూ హోమ్స్ మీదే ఉంటుంది. కానీ హోమ్స్ గొప్పతనం మనకి తెలిసేది వాట్సన్ ముఖంలో ఆశ్చర్యం చూసే కదా. సాలిస్ బతుకంతా అదే పని చేశారనిపిస్తుంది నాకు. ఎదుటి మనిషి చెప్పేది వినడం, ఆ వినడం మనకి కనపడేలా వినడం.

సూటిగా (వరంగల్)

పాతరీలు అన్నా, లిస్టు మంచిగుంది. కానీ నాకొకటి సమజ్ కాలే. ఇన్ని చేసిండు సరే, జనానికి యాదికున్నవి రెండే. ఒకటి బీబీసీ హాస్య సీరియల్ 'లాస్ట్ ఆఫ్ ద సమ్మర్ వైన్'ల క్లెగ్, ఇంకోటి వాలెస్. రెండిట్లనూ ఒకటే గొంతు, ఒకటే తీరు. ముప్పై ఏడేండ్లు అదే టోపీ పెట్టుకొని అదే ముసలాయన వేషం వేస్తే అది నటనా, అలవాటా? నేను తక్కువ చేసి అంటలేను. నిజంగనే తెలుసుకుందామని అడుగుతున్న.

యార్క్‌షైర్‌కోడలు (హడర్స్‌ఫీల్డ్)

సూటిగా గారూ, మీ ప్రశ్న న్యాయమైనదే. నేను ఉండేది యార్క్‌షైర్‌లో, ఆ సీరియల్ తీసిన హోమ్‌ఫర్త్ ఊరికి దగ్గర్లోనే. పెళ్లయి వచ్చిన కొత్తలో మా పక్కింటి పెద్దావిడ నాకు ఇంగ్లీషు యాస అలవాటు కావాలని ఈ సీరియల్ చూపించేది. అలా చూసినవి ఎన్నో.

1973లో మొదలై 2010 ఆగస్టులో ముగిసింది. మొత్తం 295 భాగాలు. అన్నిటిలోనూ ఉన్న నటుడు ఈయన ఒక్కరే. రాసిందంతా రాయ్ క్లార్క్ ఒక్కడే. కథ అంటే పెద్దగా ఏమీ ఉండదు. పని లేని ముగ్గురు ముసలాళ్లు కొండల మీద తిరుగుతుంటారు. ఒకడు కాంపో, చింపిరి బట్టలు, చేసేదంతా చిలిపి పనులు. ఇంకొకడు పెత్తనం చేసేవాడు, ఈ మూడో మనిషి పాత్ర నటులు మారుతూ వచ్చారు. క్లెగ్ మధ్యలో ఉంటాడు. భార్య పోయినవాడు, ఆడవాళ్లంటే బెదురు, ఎవరితోనూ తగువు పడడు.

మీరు అలవాటు అన్నారు కదా. ఒక్క దృశ్యం జాగ్రత్తగా చూడండి, ముగ్గురూ గోడ మీద కూర్చుని మాట్లాడుకునేది ఏదైనా. మిగతా ఇద్దరూ చేతులూ కాళ్లూ ఊపుతారు. సాలిస్ చేతులు ఒళ్లో ఉంటాయి. కళ్లు మాత్రం మాట్లాడేవాడి నుంచి ఒక్క క్షణం ముందే పక్కకి జరుగుతాయి, ఇప్పుడు ఏదో ప్రమాదం రాబోతోందని ముందే తెలిసినట్టు. నవ్వు అక్కడ పుడుతుంది. ఆ మాట రాసినవాడి కాగితం మీద అది ఉండదు.

ఇంకొకటి. ఆయన ఇక్కడివాడు కాదు, లండన్ మనిషి. మా పక్కింటావిడకి ఈ సంగతి చెప్తే చాలాసేపు నమ్మలేదు. కోనసీమ మనిషి చేత కోనసీమ మనిషివే అనిపించుకోవడం వేరే ఊరి నటుడికి ఎంత కష్టమో ఆలోచించండి.

ఎర్రమందారం (బెంగళూరు)

మధ్యలో వస్తున్నందుకు ఏమీ అనుకోకండి. ఆ మూడో మనిషి పాత్ర మొదట వేసిన మైకేల్ బేట్స్ మన దేశంలోనే, ఝాన్సీలో పుట్టాడు. ఆ తర్వాత మన దేవ్‌లాలీ సైనిక శిబిరం నేపథ్యంగా తీసిన 'ఇట్ ఎయింట్ హాఫ్ హాట్ మమ్' అనే హాస్య సీరియల్‌లో ముఖానికి రంగు పూసుకుని భారతీయుడి వేషం వేశాడు. నాకు అది చూడటం కష్టంగా అనిపించింది. అదే రోజుల్లో అదే బీబీసీలో సాలిస్ ఎవరినీ తక్కువ చేయకుండా ముప్పై ఏళ్లకు పైగా నవ్వించారు. ఈ రెండూ పక్కపక్కన పెట్టుకుని చూశాకే నాకు సాలిస్ మీద గౌరవం పెరిగింది.

మట్టిబొమ్మ (హైదరాబాద్, యానిమేషన్)

వాలెస్ సంగతి నేను చెప్తాను, ఇది నా పని కాబట్టి.

వాలెస్‌ని సృష్టించిన నిక్ పార్క్ అప్పటికి విద్యార్థి. బీకన్స్‌ఫీల్డ్‌లో ఉన్న నేషనల్ ఫిల్మ్ అండ్ టెలివిజన్ స్కూల్లో చదువుకోసం బొమ్మల సినిమా, అంటే మెత్తటి మట్టి బొమ్మల్ని కొద్దికొద్దిగా కదుపుతూ ఫొటోలు తీసే సినిమా చేస్తున్నాడు. 1980ల మొదట్లో సాలిస్‌కి ఉత్తరం రాశాడు. టీవీలో దేశమంతా చూస్తున్న నటుడు ఒప్పుకున్నాడు. అడిగిందల్లా తనకి ఇష్టమైన సేవా సంస్థకి 50 పౌండ్లు ఇమ్మని. గొంతు రికార్డు అయింది. సినిమా పూర్తయింది మాత్రం 1989లో, 'ఎ గ్రాండ్ డే అవుట్' పేరుతో. మధ్యలో ఆరేళ్లు.

ఇప్పుడు అసలు విషయం. బొమ్మల సినిమాలో గొంతు ముందు, బొమ్మ తర్వాత. రికార్డు చేసిన మాటని ఫ్రేము ఫ్రేముకీ విడగొట్టి డోప్ షీట్ అనే పట్టిక మీద రాసుకుంటాం. సెకనుకి 24 ఫ్రేములు, అంటే 24 ఫొటోలు. 'చీజ్' అనే మాట అర సెకను పట్టిందనుకోండి, పన్నెండు ఫ్రేములు. మొదటి రెండూ 'చ'కి, నోరు దగ్గరగా ఉంటుంది. ఆఖరి రెండూ 'జ్'కి, పళ్లు కలుస్తాయి. నడుమ ఎనిమిదీ 'ఈ'. ఆ 'ఈ'ని పలికేవాడు ఎంత సాగదీస్తే బొమ్మ నోరు అంతసేపు పక్కలకి సాగి ఉండాలి. మీరు అద్దం ముందు నిలబడి 'చీ...జ్' అనండి, పెదాల చివరలు చెవుల వైపు వెళ్తాయి.

సాలిస్ ఆ మాటని మామూలుగా పలకలేదు, ఎంతో ఇష్టమైన పిండివంట పేరు చెప్తున్నట్టు సాగదీశారు. అది విన్నాక పార్క్‌కి ఆ మట్టి ముఖం మీద అంత వెడల్పు నోరు పెట్టక తప్పలేదు. అరటిపండంత వెడల్పుగా సాగే వాలెస్ నోరు ఉంది చూశారా, అది ఆ గొంతులోంచి వచ్చింది. పార్క్ ఈ సంగతి చాలాసార్లు చెప్పాడు. కుక్క గ్రోమిట్‌కి కూడా మొదట గొంతు పెడదామనుకుని, కనుబొమలతోనే అన్నీ చెప్పొచ్చని తెలిశాక వదిలేశారు. గ్రోమిట్‌కి అసలు నోరే లేదు, గమనించండి.

కాలేజీలో నాలుగు నిమిషాల బొమ్మ చిత్రం చేశాను. గొంతు మా స్నేహితుడిది. వాడు ప్రతి మాటా ఒకే వేగంతో చదివాడు. మూడు వారాలు బొమ్మ నోరు మార్చి మార్చి తీశాక చూస్తే బొమ్మ కదులుతోంది కానీ బతికి లేదు. గొంతులో లేనిది మట్టిలోకి రాదని ఆ రోజు తెలిసింది.

సూటిగా (వరంగల్)

మట్టిబొమ్మ, మస్తు చెప్పినవ్. ఆ చీజ్ ముచ్చట నాకు తెల్వది. కానీ గట్లయితే గొప్ప నిక్ పార్క్‌ది కాదా? చెవి పెట్టి విని, ఆ మూతి తయారు చేసింది ఆయనే కద. సాలిస్ పొయ్యి చదివి వచ్చిండు, అంతే.

మైకుముందు (కృష్ణానగర్, హైదరాబాద్)

ఈ ప్రశ్నకి నేను జవాబు చెప్పాలి. పదహారేళ్లుగా డబ్బింగ్ చెప్తున్నాను, ఎక్కువగా వేరే భాషల సీరియళ్లూ సినిమాలూ.

మన దగ్గర పని ఎలా ఉంటుందంటే, తెర మీద మనిషి ముందే నటించేసి ఉంటాడు. వాడి పెదాలు మూసుకునే చోట మనం 'ప', 'మ' పడేలా చూసుకోవాలి. వాడి ఊపిరి చూసి మన ఊపిరి. సుమన్ గారికీ రాజశేఖర్ గారికీ సాయికుమార్ గారి గొంతు ఎంత అతికిందో మనందరికీ తెలుసు, కానీ ఆయన ముందు ఒక ముఖం ఉంది, దానికి ప్రాణం పోశారు. సాలిస్ ముందు ఏముంది? కాగితం, మైకు. ముఖం ఇంకా పుట్టలేదు. ఎవరితో మాట్లాడాలో ఆ కుక్క కూడా లేదు. ఉన్నా అది బదులు చెప్పదు.

మన రంగస్థలం మీద ఏకపాత్రాభినయం చూసినవాళ్లకి ఇది అర్థమవుతుంది. ఎదుట ఎవరో ఉన్నట్టు, వాళ్లేదో అన్నట్టు, అది మన చెవిన పడ్డట్టు ఆడాలి. అవతలివాడి మాటకి ఎంత జాగా వదలాలో లెక్క తెలియాలి. ఎక్కువ వదిలితే మర్చిపోయాడనుకుంటారు, తక్కువ వదిలితే తనలో తను గొణుక్కుంటున్నాడనుకుంటారు. వాలెస్ ఏదో అడుగుతాడు, ఆగుతాడు, తర్వాత "సరేలే" అన్నట్టు ఇంకో మాట అంటాడు. ఆ ఆగిన చోటులోనే గ్రోమిట్ కనుబొమ ఎత్తుతాడు. ఆ జాగా సాలిస్ వదిలారు కాబట్టి పార్క్ అందులో కనుబొమ పెట్టగలిగాడు. పార్క్ గొప్పవాడు, కాదనను. ఇద్దరిదీ కలిపి చూడాలి.

ఇంకొక మాట, ఇది నా సొంత బాధ. నాలుగేళ్ల కిందట ఒక పిల్లల ధారావాహికలో తాత పాత్రకి రెండు వందల భాగాలకి పైగా గొంతిచ్చాను. ఎక్కడా మా పేర్లు వేయలేదు. మా అమ్మాయి బడిలో "మా నాన్నే ఆ తాత" అంటే పిల్లలు నమ్మలేదట, ఏడ్చుకుంటూ వచ్చింది. వాలెస్ సినిమా 'ద రాంగ్ ట్రౌజర్స్' చివర సాలిస్ పేరు తెర మీద చూసినప్పుడల్లా నాకు అదే గుర్తొస్తుంది.

పాతరీలు (విజయవాడ)

మైకుముందు గారూ, మీ అమ్మాయి మాట చదివి మనసు బరువెక్కింది. ఆ సీరియల్ పేరు నాకు విడిగా రాయండి, మా మనవలకి చూపించి ఎవరి గొంతో చెప్తాను.

"ఒకటే గొంతు" అన్న మాటకి నా జవాబు. 1984 నుంచి వచ్చిన 'ద విండ్ ఇన్ ద విల్లోస్' బొమ్మల సీరియల్ వెతికి చూడండి, మాంచెస్టర్‌లోని కాస్‌గ్రోవ్ హాల్ వాళ్లది. అందులో సాలిస్ ఎలుక. ఆ ఎలుక నది ఒడ్డున పడవ వేసుకుని తిరిగే మర్యాదస్తుడు, చదువుకున్న పెద్దమనిషి పలుకు. పక్కన టోడ్ అనే కప్పగా డేవిడ్ జేసన్ ఇల్లు ఎగిరిపోయేలా అరుస్తుంటాడు, బ్యాడ్జర్‌గా మైకేల్ హోర్డర్న్ గర్జిస్తుంటాడు. సాలిస్ నడుమ నిలబడి కథని ఒడ్డుకి చేరుస్తాడు. కళ్లు మూసుకుని ఎలుకనీ వాలెస్‌నీ పక్కపక్కన వినండి. ఇద్దరు వేరు వేరు మనుషులు. ఒకరి ఇంట్లో పుస్తకాల బీరువా ఉంటుంది, ఇంకొకరి ఇంట్లో రెంచీలూ నట్లూ ఉంటాయి.

'డాక్టర్ హూ' గురించి కూడా చెప్పాల్సింది మిగిలింది. 1967 నాటి ఆ కథ 'ది ఐస్ వారియర్స్' ఆరు భాగాలు. వాటిలో రెండోదీ మూడోదీ బీబీసీ దగ్గర లేకుండా పోయాయి. అప్పట్లో అభిమానులు ఇళ్లలో టీవీ దగ్గర టేప్ రికార్డర్ పెట్టుకుని పట్టిన శబ్దం మాత్రం మిగిలింది. 2013లో డీవీడీ వేసినప్పుడు ఆ శబ్దం మీద బొమ్మలు గీసి ఆ రెండు భాగాలూ నింపారు. అంటే 46 ఏళ్ల కింద ఆయన కెమెరా ముందు ముఖంతో చేసిన నటన పోయింది, గొంతు నిలిచింది, దాని మీద మళ్లీ బొమ్మే వచ్చింది.

సూటిగా (వరంగల్)

ఎలుక ఇన్న. రాత్రి రెండు భాగాలు చూసిన. నేను అన్నది తప్పే. ఆ ఎలుక గొంతు వాలెస్ అని ఎవరూ చెప్పకపోతే గుర్తు పట్టకపోదును. క్లెగ్ సంగతి మాత్రం ఇంకా నా అనుమానం నాకుంది, ముప్పై ఏడేండ్లు ఒక్కటే పాత్ర అంటే నటుడికి నష్టమే అని నా ఆలోచన. వేరే పెద్ద వేషాలు చేతులకెళ్లి జారిపోయి ఉంటయ్ కద.

యార్క్‌షైర్‌కోడలు (హడర్స్‌ఫీల్డ్)

కొంత నిజమే. కానీ ఒక మనిషి యాభై రెండో ఏట మొదలుపెట్టి ఎనభై తొమ్మిదో ఏట ఆపిన పాత్ర అది. ఆ ముసలితనం నటన కాదు, ఏటేటా మా కళ్లముందే వచ్చింది. 1999లో కాంపో వేసే బిల్ ఓవెన్ పోయాడు. తర్వాతి ఏడాది సీరియల్‌లో కాంపోని సాగనంపే భాగాలు వచ్చాయి. అందులో సాలిస్‌ని చూస్తే ఎక్కడ పాత్ర ఆగి ఎక్కడ మనిషి మొదలయ్యాడో తెలియదు. ఆ భాగాలు చూసినప్పుడు మా పక్కింటావిడ నా చెయ్యి పట్టుకుని వదల్లేదు.

హోమ్‌ఫర్త్ పైన అప్పర్‌థాంగ్‌లో సెయింట్ జాన్స్ చర్చి ఉంది. బిల్ ఓవెన్ సమాధి అక్కడే. 2017లో సాలిస్‌ని తెచ్చి ఆయన పక్కనే ఖననం చేశారు. లండన్ మనిషి, ఎక్కడో పుట్టి, వేషం కట్టిన ఊళ్లో స్నేహితుడి పక్కన చేరాడు. నేను వెళ్లాను. గాలి బాగా కొడుతుంది అక్కడ. కింద లోయంతా కనిపిస్తుంది, వాళ్లు తిరిగిన కొండలే.

తూర్పుగట్టు (విశాఖపట్నం)

నాకు సినిమాల గురించి పెద్దగా తెలియదు. మా అమ్మకి మాక్యులర్ డీజెనరేషన్, చూపు మధ్యలో చెరిగిపోతుంది, అంచులే కనిపిస్తాయి. ఆ జబ్బు గురించి చదువుతుంటే సాలిస్ గారి పేరు తగిలింది. ఆయనకీ అదే. చూపు తగ్గినా ఒక ప్రత్యేక యంత్రం సాయంతో పని కొనసాగించారట. ఆ జబ్బువాళ్ల కోసం పనిచేసే సంస్థకి విరాళాలు అడుగుతూ తన గొంతుతో విజ్ఞప్తి కూడా రికార్డు చేశారు.

మా అమ్మ భాగవతం చదువుకునేది. ఇప్పుడు వల్లకాదు. ఈ మాట చెప్పి ఆమెకి కూడా అక్షరాలని తెర మీద బాగా పెద్దవి చేసి చూపే యంత్రం ఒకటి తెప్పించాం. ఒక్కో పద్యం పట్టడానికి పది నిమిషాలు పడుతోంది, అయినా మానడం లేదు. 2005లో 'ద కర్స్ ఆఫ్ ద వేర్‌రాబిట్' వచ్చేటప్పటికి సాలిస్‌కి ఎనభై నాలుగు. వాలెస్ ఎంత ధీమాగా పలుకుతాడో విన్నాక నాకు మాత్రం మా అమ్మ యంత్రం మీది పెద్ద పెద్ద అక్షరాలే కనిపిస్తాయి.

మట్టిబొమ్మ (హైదరాబాద్, యానిమేషన్)

తూర్పుగట్టు గారూ, అమ్మగారికి నా నమస్కారం చెప్పండి.

ఇంకో చిన్న సంగతి. వెన్‌స్లీడేల్ అనే చీజ్ పేరు వాలెస్ నోట్లో వస్తుంది. పార్క్ దాన్ని ఎంచుకున్నది ఆ పేరు పలికేటప్పుడు నోరు తిరిగే తీరు నచ్చి. నిజంగా ఆ చీజ్ చేసే కేంద్రం యార్క్‌షైర్‌లోని హాస్ ఊళ్లో ఉంది. 1992లో దాన్ని మూసేస్తే అక్కడి మేనేజర్లే కొనుక్కుని మళ్లీ తెరిచారు. కష్టంగా నెట్టుకొస్తున్న రోజుల్లో 'ఎ క్లోజ్ షేవ్' వచ్చి అమ్మకాలు పెంచింది. ఒక నటుడు ఒక మాటని ఎంత ఇష్టంగా పలికాడన్నది ఒక ఊరి పాల రైతుల దాకా వెళ్లింది.

చిన్నోడినాన్న (హైదరాబాద్)

అందరికీ దండాలు. ఇంత వస్తుందని అనుకోలేదు. ఈ వారం వరసగా చూశాం: 'ఎ గ్రాండ్ డే అవుట్', 1993 నాటి 'ద రాంగ్ ట్రౌజర్స్', వేర్‌రాబిట్, 2008 క్రిస్మస్‌కి వచ్చిన 'ఎ మ్యాటర్ ఆఫ్ లోఫ్ అండ్ డెత్'. చివరిది ఆ ఏడాది బ్రిటన్‌లో అందరికన్నా ఎక్కువమంది చూసిన కార్యక్రమమట.

నిన్న 2024 నాటి కొత్త సినిమా 'వెంజెన్స్ మోస్ట్ ఫౌల్' పెట్టాను. పది నిమిషాలయ్యాక మా వాడు నా వైపు తిరిగి "నాన్నా, వాలెస్‌కి జలుబు చేసిందా" అన్నాడు. నాకు ఏం చెప్పాలో తోచలేదు. గొంతు బెన్ వైట్‌హెడ్ అని ఉంది. మైకుముందు గారూ, ఇలా ఒకరి గొంతుని ఇంకొకరు అందుకోవడం ఎలా ఉంటుంది?

మైకుముందు (కృష్ణానగర్, హైదరాబాద్)

మీ వాడి చెవి మంచిదండీ, సంగీతం నేర్పించండి.

వైట్‌హెడ్ వేర్‌రాబిట్ రోజుల నుంచే అక్కడ ఉన్నాడు. అందులో చిన్న పాత్రకి గొంతిచ్చాడు. సాలిస్ లేని సమయాల్లో వాలెస్ మాటలు చదివి పెట్టేవాడు. అంటే పెద్దాయన ఉండగానే పక్కన కూర్చుని నేర్చుకున్నాడు. మా దగ్గరా అంతే, గొంతుని అనుకరిస్తే రెండో రోజుకి అలిసిపోతాం. పెద్దవాళ్లు ఊపిరి ఎక్కడ తీసుకుంటారో పట్టుకోవాలి, మాట దానంతట అదే వస్తుంది.

సాలిస్ ఆఖరి రోజులు డెన్‌విల్ హాల్‌లో గడిచాయి. లండన్‌లో వయసు మళ్లిన నటీనటుల కోసం ఉన్న ఇల్లు అది. మా యూనియన్ సమావేశంలో దాని గురించి ఒకసారి చెప్పాను, మన దగ్గర కూడా గొంతు ఆగిపోయిన వాళ్లకి అలాంటిది ఒకటి ఉండాలని. వచ్చే నెల మళ్లీ సమావేశం ఉంది, మళ్లీ అడుగుతాను.